ట్రామ్‌లో విన్నాను

పంతొమ్మిదో టేక్ దగ్గర చేప కంపు కొట్టడం మొదలుపెట్టింది.

జులై నెల. ప్రాగ్ జనమంతా నదిలో పడి ఈదుతున్నారు. స్టూడియోలో మాత్రం క్రిస్మస్ సాయంత్రం. కిటికీ అద్దాల అవతల సబ్బు నురగతో చేసిన మంచు, ఇవతల ఉన్ని స్వెట్టర్లు, నెత్తిమీద మాడ్చేసే లైట్లు. బల్ల మీద ఎనిమిది కంచాలు, చుట్టూ ఏడుగురు మనుషులు. ఎనిమిదో కంచం అనుకోకుండా వచ్చే అతిథి కోసం. ఆ ఏడుగురిలో పెద్దకొడుకు తోందా వేషం లిబోర్ పెతర్కాది. ఇరవై మూడేళ్ళవాడు. పార్దుబిట్సె ఊళ్ళో బొమ్మలాటల థియేటర్ నుంచి వచ్చాడు. సినిమాల్లో ఇదే అతనికి మొదటి పెద్ద వేషం.

చేయాల్సిందేమీ బ్రహ్మవిద్య కాదు. వేయించిన కార్పు చేప ముక్క నోట్లో పెట్టుకోవాలి, నమలాలి, ఒక్క క్షణం కళ్ళు మూసుకోవాలి, తెరిచి "అమ్మా, ఈ రుచి కోసం ఏడాదంతా ఎదురుచూడొచ్చు" అని నవ్వాలి. ఆ నవ్వు కోసమే అతన్ని తీసుకున్నారు. దర్శకుడు కట్ చెప్పగానే బల్ల కింద పెట్టిన రేకు బకెట్లో ఉమ్మెయ్యాలి. పొద్దుటి నుంచి ఏడుగురూ ఉమ్మిన చేపా, బంగాళాదుంపల సలాడూ అందులోనే ఉన్నాయి. ఆ వేడికి అదంతా పులిసిపోయి బుడగలు వేస్తోంది. లిబోర్ మోకాలు ఆ బకెట్ అంచుకి ఆనుకుని ఉంది, ఎటు జరుపుకుందామన్నా చోటు లేదు.

"ఎవరూ లేవకండి," అన్నాడు దర్శకుడు బ్రజ్దా. "ముందు లేచినవాళ్ళు ఏడాది తిరక్కుండా పోతారు, తెలుసుగా."

ఇది ప్రతి ఇంట్లోనూ ఉన్న పట్టింపే. క్రిస్మస్ బల్ల దగ్గర అందరి భోజనం అయ్యేదాకా ఎవరూ కుర్చీ వదలరు. కావాల్సినవన్నీ చేతికందే చోట ముందే సర్దుకుంటారు. బ్రజ్దా ఆ మాట పొద్దుటి నుంచి పదిసార్లు అన్నాడు, పదిసార్లూ తనే నవ్వుకున్నాడు.

నాయనమ్మ వేషం వేస్తున్న హెర్మీనా తూమోవాకి డెబ్భై ఆరేళ్ళు. ఆమె జేబురుమాలుతో ముక్కు మూసుకుని, లేస్తే ఏడాదిలో పోతానేమో గానీ కూర్చుంటే ఈ చేపతో ఇవాళే పోతానంది. అందరూ నవ్వారు. లిబోర్ కూడా నవ్వాడు. అప్పుడు ఆమె అతని వైపు తిరిగింది. పక్క కుర్చీ ఆమెదే. వారం రోజులుగా ఆమె అతనితో సంభాషణల్లో ఉన్న మాటలు తప్ప ఒక్క ముక్క మాట్లాడలేదు.

"అబ్బాయీ," అంది మెల్లగా, "ఫిబ్రవరిలో ఆ కొండల్లో నన్ను వీపు మీద మోసుకుంటూ మోకాళ్ళ లోతు మంచులో నడిచాడే, ఆ కుర్రాడి వీపు నాకింకా గుర్తుంది. ఆరుసార్లు మోశాడు. ఆరుసార్లూ 'బామ్మగారూ, చలేస్తోందా' అని అడిగాడు. వాడు ఏమయ్యాడు?"

సమాధానం రాకముందే బ్రజ్దా కెమెరా అన్నాడు. ఇరవయ్యో ముక్క నోట్లో పెట్టుకుని, నమిలి, కళ్ళు మూసుకుని, తెరిచి, లిబోర్ నవ్వాడు. బ్రజ్దా చప్పట్లు కొట్టి, అబ్బ, ఇదే నాకు కావాల్సింది అన్నాడు. లిబోర్ వంగి బకెట్లో ఉమ్మాడు. ఈసారి చేప ఒక్కటే రాలేదు, పొద్దున తిన్నదంతా వచ్చింది.

ఆ కుర్రాడి పేరు ఓతా కుదెల్కా. ఈ తోందా వేషం మొదట అతనిది. ఏమయ్యాడో లిబోర్‌కి తెలిసినంత బాగా ఇంకెవరికీ తెలీదు.

ఓతా, లిబోర్ ఒకే థియేటర్ నుంచి వచ్చారు. నాలుగేళ్ళు ఒకే తెర వెనక నిలబడి, ఒకే రాక్షసుడి బొమ్మకి చెరో చెయ్యీ ఆడించారు. ప్రాగ్‌కి వచ్చాక నూస్లె పేటలో ఒక ముసలావిడ ఇంట్లో ఒకే గదిలో అద్దెకున్నారు. సినిమాలో ఓతాకి పెద్దకొడుకు వేషం దొరికింది, లిబోర్‌కి పోస్టుమాన్ వేషం. పోస్టుమాన్‌కి రెండు మాటలు: "మంచు బాగా పడుతోందండీ", "మీకూ శుభాకాంక్షలు". లిబోర్ అసూయపడలేదని చెప్తే అది పచ్చి అబద్ధం. పడ్డాడు. కానీ స్నేహితుడి మీద పడే అసూయ ఎంత ఉంటుందో అంతే పడ్డాడు, దాన్ని బీరుతో కడిగేసుకున్నాడు.

ఫిబ్రవరిలో కొండల్లో మంచు దృశ్యాలు పన్నెండు రోజులు తీశారు. తిరిగొచ్చిన రోజు ఓతా బూట్లు విప్పుతూ, ఇదిగో, ఒకటి తట్టింది విను అని మొదలుపెట్టాడు. "మనం క్రిస్మస్‌కి అనుకోని అతిథి కోసం కంచం పెడతాం కదరా. మొన్నటిసారి పాపం ఆయన డిసెంబరు దాకా ఆగలేకపోయాడు, ఆగస్టులోనే ట్యాంకెక్కి వచ్చేశాడు. మూడో ఏడు నడుస్తోంది, ఇంకా తింటూనే ఉన్నాడు. ఎందుకు లేవట్లేదో తెలుసా? ముందు లేచినవాడు పోతాడని ఎవరో చెప్పారట."

లిబోర్ మంచం మీద పడి పొట్ట పట్టుకుని నవ్వాడు. ముసలావిడ గోడ కొట్టేదాకా నవ్వాడు.

అరవై ఎనిమిది ఆగస్టులో దేశంలోకి వచ్చిన రష్యా ట్యాంకులు ఇంకా కదలని ఆ రోజుల్లో అలాంటివి ఊరంతా తిరిగేవి. చెప్పుకోడానికి ఒక పద్ధతి మాత్రం ఉండేది. పసిపిల్లలకి కూడా తెలిసిన పద్ధతి. ఎవరి దగ్గర విన్నావంటే పేరు చెప్పరు. "ట్రామ్‌లో విన్నాను" అంటారు. ట్రామ్ ఎక్కనివాళ్ళు కూడా అదే అంటారు. దేశంలో ఉన్న నవ్వులాటలన్నిటికీ తల్లీతండ్రీ ఆ ట్రామే. అడిగినవాడికీ తెలుసు, చెప్పినవాడికీ తెలుసు, అక్కడితో ఆ మాట ఆగిపోతుంది.

మే నెలలో ఒక ఆదివారం బ్రజ్దా తన తోట ఇంటికి కొందర్ని పిలిచాడు. ఓతా రాలేదు, వాళ్ళమ్మని చూడ్డానికి ఊరెళ్ళాడు. పోస్టుమాన్‌ని ఎవరూ పిలవలేదు కానీ ఓతాకి వచ్చిన పిలుపు మీద లిబోర్ వెళ్ళాడు. చితుకుల మంట చుట్టూ కూర్చుని పుల్లలకి గుచ్చిన సాసేజీలు కాల్చుకుంటున్నారు. ఒకరి తర్వాత ఒకరు నవ్వులాటలు చెప్తున్నారు. ప్రతి ఒక్కరూ ట్రామ్‌లో విన్నదే చెప్తున్నారు. లిబోర్ వైపు ఎవరూ చూడట్లేదు. బ్రజ్దా అతని పేరు కూడా రెండుసార్లు తప్పు పలికాడు. అప్పుడు లిబోర్ గొంతు సవరించుకుని కంచం మాట చెప్పాడు.

మంట చుట్టూ ఉన్నవాళ్ళంతా పగలబడి నవ్వారు. బ్రజ్దాకి కళ్ళల్లో నీళ్ళొచ్చాయి. లిబోర్‌కి ఒళ్ళంతా వెచ్చగా అయింది.

గోధుమరంగు చొక్కా వేసుకున్న ఒకాయన అందరికంటే ఆలస్యంగా, అందరికంటే మర్యాదగా నవ్వాడు. ఆయన పేరు ష్తోల్బా. స్టూడియో ఆఫీసులో ఎవరు ఉండాలో, ఎవరు వద్దో చూసే విభాగంలో పని. ఆయన సాసేజీని పుల్ల మీద తిప్పడం ఆపి అడిగాడు.

"చాలా బాగుంది. మీరే కట్టారా?"

ట్రామ్‌లో విన్నానండీ. రెండు మాటలు. ఆ రెండు మాటలూ లిబోర్ నాలుక చివరిదాకా వచ్చాయి. ఆ పుల్ల ఆగడం అతను చూశాడు. ఎందుకు ఆగిందో కూడా అర్థమైంది. ఇది తర్వాత ఎన్నిసార్లు తనకి తాను వేరేగా చెప్పుకోబోయినా కుదరలేదు. అర్థమయ్యాకే నోరు తెరిచాడు.

"అబ్బే, నాకంత తెలివి ఎక్కడిదండీ. అది మా ఓతా సొంతం."

ఛీ. నోట్లోంచి ఎంత తేలిగ్గా వచ్చేసిందో. స్నేహితుణ్ణి పొగుడుతున్నట్టే వచ్చింది. ష్తోల్బా తలూపి, సాసేజీ కాలింది చూడండి అని లిబోర్‌కే ఇచ్చాడు. లిబోర్ అది తిన్నాడు. తొమ్మిది రోజుల తర్వాత ఓతా పేరు సినిమాలోంచి తీసేశారు. పదకొండో రోజు లిబోర్‌ని పిలిచి పోస్టుమాన్ టోపీ ఇచ్చెయ్యమన్నారు, తోందా స్వెట్టరు తొడిగి చూశారు. భుజాలు సరిపోయాయి. బ్రజ్దా తల పట్టుకుని, మంచు దృశ్యాలు మళ్ళీ తీయాలంటే మంచు ఎక్కడినుంచి తెస్తానన్నాడు. చివరికి ఓతా ముఖం కనిపించేవన్నీ కత్తిరించి, వీపు కనిపించేవి ఉంచేశారు. సినిమాలో తోందా ముఖం లిబోర్‌ది, నడక ఓతాది.

ఆ పదకొండో రోజు సాయంత్రం గదిలో ఓతా పెట్టె సర్దుకుంటున్నాడు. అంతా ఎవరో చెప్పారు, ఆ కంచం మాట ఆఫీసులో పొల్లు పోకుండా నా ముందు చదివారు అన్నాడు. కోపంగా లేడు, బిత్తరపోయినట్టున్నాడు. నీకు తప్ప నేను ఎవరికీ చెప్పలేదే, నువ్వు ఎవరి దగ్గరైనా అన్నావా అని అడిగాడు.

"నేనా? ఛఛ," అన్నాడు లిబోర్. "అది ఊరంతా తిరుగుతోందిరా. ముసలావిడతో చెప్పావేమో, గోడకి చెవులుంటాయి. నేనే మొన్న పదకొండో నంబరు ట్రామ్‌లో విన్నాను."

ఓతా చేతిలో చొక్కా పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. తర్వాత అతని ముఖం వెలిగింది. నిజంగా వెలిగింది.

"పదకొండో నంబరులోనా? అంత దూరం పాకిందా? ఎవరు చెప్తున్నారు? నవ్వారా?"

"నవ్వారు," అన్నాడు లిబోర్. "ఒకావిడ దిగాల్సిన చోట దిగడం మర్చిపోయింది."

ఓతా ఆ మాటకి మురిసిపోయాడు. ఉద్యోగం పోయి పెట్టె సర్దుకుంటున్న మనిషి, తను కట్టిన మాట ట్రామ్ ఎక్కిందని మురిసిపోయాడు. వెళ్తూ వెళ్తూ లిబోర్‌ని కావలించుకుని, వేషం నీకే ఇచ్చారంట కదా, పోనీలే, పరాయివాడికి పోలేదు అన్నాడు. నాయనమ్మని మోసిన చోట ఎడమకాలు కొంచెం ఈడ్చాను, గుర్తుపెట్టుకో, స్టూడియో లోపల తీసేటప్పుడు నీ నడక దానితో కలవాలి అని కూడా చెప్పాడు. మెట్లు దిగే చప్పుడు వినిపించినంతసేపూ లిబోర్ తలుపు దగ్గరే ఉన్నాడు. పిలిచి చెప్పేద్దామనుకున్నాడు. రేపు చెప్దాం, ఉత్తరం రాద్దాం, సినిమా అయ్యాక మనిషిని కలిసి చెప్దాం అనుకున్నాడు.

సినిమా అయింది. ఆ ఏడాది క్రిస్మస్‌కి థియేటర్లలో పడింది. లిబోర్ జీవితం ఒక్క వారంలో మారిపోయింది. కసాయి కొట్లో ఆవిడ తూకం వేశాక ఇంకో ముక్క పైన పడేసి, తోందా, మీ అమ్మకి నా పేరు చెప్పు అనేది. సినిమాలో అమ్మకి. వీధిలో ముసలమ్మలు బుగ్గలు పుణికి, ముద్దు పెట్టి, వాళ్ళ చేతుల ఉల్లిపాయ వాసన అతని ముఖానికి అంటించి వెళ్ళేవాళ్ళు. పత్రికల వాళ్ళు దేశానికంతటికీ పెద్దకొడుకు అని రాశారు. మరుసటి ఏడాది ఇంకో రెండు సినిమాలు చేశాడు. ఒకదాంట్లో మంచి మేనమామ, ఒకదాంట్లో మంచి అల్లుడు. రెండింట్లోనూ తినాలి, రెండింట్లోనూ కళ్ళు మూసుకోవాలి, తెరిచి నవ్వాలి. ఇంటికొచ్చి అద్దం ముందు పళ్ళు తోముకునేటప్పుడు ఆ నవ్వు దానంతటదే వచ్చేది. నురగతో సహా వచ్చేది. అతను అద్దం మీద ఉమ్మి, తువ్వాలుతో తుడిచేవాడు.

రోత పుట్టేది. ఆ ముఖం చూస్తే రోత, ఆ ముఖాన్ని ఇష్టపడేవాళ్ళని చూస్తే ఇంకా రోత. అయినా ఫోన్ మోగితే మూడో గంటకి ముందే ఎత్తేవాడు. ఓతా గురించి అడపాదడపా ఏదో ఒకటి తెలిసేది. ఆసుపత్రిలో బాయిలర్‌కి బొగ్గు వేస్తున్నాడని ఒకరన్నారు, ఎత్తైన భవంతులకి కిటికీలు తుడుస్తున్నాడని ఇంకొకరన్నారు. ప్రతిసారీ లిబోర్ ఈ ఆదివారం వెళ్ళి చెప్పేస్తాను అనుకునేవాడు. ఆదివారం వచ్చేది. వెళ్ళేవాడు కాదు. కానీ ఓతాకి తెలీదన్న ఒక్క ఊరట ఉండేది. ఎక్కడున్నా నన్ను స్నేహితుడనే అనుకుంటున్నాడు, నేను వెళ్ళి చెప్తే వింటాడు, చెప్పడం నా చేతిలో పని. ఇన్నాళ్ళూ దాన్ని పట్టుకునే నిలబడ్డాడు.

డెబ్భై రెండు డిసెంబరులో లిబోర్ వాళ్ళమ్మ యార్మిలా ప్రాగ్‌లో అతని దగ్గరే ఉంది. కొత్తగా ఇచ్చిన ఫ్లాటు, స్నానాల తొట్టి ఉన్న ఫ్లాటు. బ్రజ్దా పాత కుటుంబంతోనే రెండో సినిమా మొదలుపెడుతున్నాడు, తోందాకి పెళ్ళి చేస్తారట. పండక్కి రెండు రోజుల ముందు యార్మిలా కొడుక్కి వల సంచీ ఇచ్చి, ప్రాణంతో ఉన్న చేప తీసుకురా, రెండు రోజులు మంచినీళ్ళలో ఉంటే బురద వాసన పోతుంది అని పంపింది.

వీధి మలుపులో చేపలమ్మే చెక్క తొట్లు పెట్టారు. ఒళ్ళు కొరికే చలి. ముప్పైమంది క్యూ. నేల మీద నెత్తురు, పొలుసులు, గడ్డకట్టిన నీళ్ళు. లిబోర్ టోపీ కిందికి లాక్కున్నాడు గానీ ఏం లాభం, రెండో నిమిషంలోనే ఎవరో తోందా అన్నారు. ఆ పైన జనం అతన్ని నిలబడనివ్వలేదు. వద్దండీ, నా వంతు రానివ్వండి అంటున్నా చేతులతో ముందుకు తోసేశారు. అలా తోసుకుంటూ తొట్టి దగ్గరికి వచ్చి తలెత్తితే, రబ్బరు ఏప్రన్ కట్టుకుని, మోచేతుల దాకా ఎర్రబారిన చేతులతో, చేపల వల పట్టుకుని నిలబడినవాడు ఓతా.

ఓతా అతన్ని చూశాడు. ముఖంలో ఏ మార్పూ లేదు. చేపలమ్మేవాడు కొనేవాణ్ణి చూసినట్టే చూశాడు.

"చంపి ఇవ్వమంటారా, ప్రాణంతో తీసుకెళ్తారా?"

వచ్చిన ప్రతివాళ్ళనీ అడిగే ప్రశ్నే అది. లిబోర్‌కి ముందు ఆ 'మీరు' తగిలింది. నాలుగేళ్ళు ఒరేయ్ తప్ప ఇంకో పిలుపు లేదు వాళ్ళ మధ్య.

అతను నోరు విప్పే లోపే వెనకనుంచి ఒకావిడ నవ్వుతూ, తోందా చంపిస్తాడా ఏమిటి, నదిలో వదిలేస్తాడు కానీ అంది. సినిమాలో జరిగేది అదే. పిల్లలు చేపకి పేరు పెట్టుకుంటారు, ఏడుస్తారు, పెద్దకొడుకు దాన్ని తీసుకెళ్ళి నదిలో వదులుతాడు, బల్ల మీదికి ఇంకో చేప వస్తుంది. క్యూ అంతా అవునవునంది. ఆవిడ పక్కన ఇద్దరు ఆడపిల్లలు కళ్ళు ఇంతేసి చేసుకుని లిబోర్‌నే చూస్తున్నారు. లిబోర్ ముఖం మీదికి ఆ నవ్వు వచ్చేసింది. పిలవకుండానే వచ్చింది.

"ప్రాణంతోనే," అన్నాడు.

ఓతా వల ముంచి చేపని పైకి తీశాడు. అది తోకతో కొట్టింది, నీళ్ళు లిబోర్ కోటు మీద పడ్డాయి. లిబోర్ తొట్టి మీదికి వంగి గొంతు తగ్గించాడు.

"ఓతా, నీతో మాట్లాడాలి."

"వెనక ముప్పైమంది ఉన్నారు సార్."

"ఒక్క నిమిషం. ఆ ఆదివారం బ్రజ్దా ఇంటి దగ్గర..."

"తెలుసు."

ఓతా తడి వార్తాపత్రికలో చేపని చుడుతున్నాడు. చేతులు ఆగలేదు. ఎవరు చెప్పారు అని అడిగాడు లిబోర్. తను అడగాల్సిన ప్రశ్న అది కాదు, క్షమించమనాలి. కానీ నోటికి వచ్చింది అదే. ఎవరు చెప్పారు, ఎప్పుడు చెప్పారు, ఎంతమందికి తెలుసు.

ఓతా పొట్లం అతని వల సంచీలో పెట్టి, అప్పుడు మొదటిసారి సూటిగా కళ్ళల్లోకి చూశాడు.

"ట్రామ్‌లో విన్నాను," అన్నాడు. "పదకొండో నంబరు."

తర్వాత లిబోర్ భుజం మీదుగా వెనక మనిషిని చూసి, మీకు చంపి ఇవ్వమంటారా అని అడిగాడు.

లిబోర్ సంచీ పట్టుకుని నడిచాడు. ఆ ఆడపిల్లలిద్దరూ, వాళ్ళమ్మా, ఇంకో నలుగురైదుగురూ వెంటపడ్డారు. నదికేనా, నదికేనా అని అడుగుతున్నారు. కాదనడానికి అతనికి నోరు రాలేదు. గట్టు మీద మోకాళ్ళ మీద కూర్చుని కాగితం విప్పి చేపని నీళ్ళలో వదిలాడు. పిల్లలు చప్పట్లు కొట్టారు. వాళ్ళమ్మ కళ్ళు తుడుచుకుంది. చెరువులో పెరిగిన చేప ఆ పారే చలినీళ్ళలో ఒక పూట కూడా బతకదని అక్కడున్న పెద్దవాళ్ళందరికీ తెలుసు. లిబోర్‌కీ తెలుసు. చేప రెండు గజాలు ఈది, పక్కకి ఒరిగి, తెల్లటి పొట్ట చూపిస్తూ వంతెన కిందికి కొట్టుకుపోయింది. లిబోర్ పిల్లల వైపు తిరిగి, వాళ్ళకి అది కనిపించకుండా అడ్డంగా నిలబడి చెయ్యూపాడు. వాళ్ళు వెళ్ళాక ఇంకో పేటకి నడిచి, అక్కడి తొట్టి దగ్గర టోపీ ముక్కు దాకా లాక్కుని, చంపి ఇవ్వండి అన్నాడు. అమ్మకి దారిలో చచ్చిపోయిందని చెప్పాడు.

పండగనాడు సాయంత్రం బల్ల దగ్గర ముగ్గురున్నారు. లిబోర్, యార్మిలా, ఆవిడ చెల్లెలు బ్లాజెనా పిన్ని. కంచాలు నాలుగు. ప్రతి కంచం కింద ఒక చేప పొలుసు పెట్టింది యార్మిలా, ఏడాదంతా కలిసిరావాలని. సూపు గిన్నె, సలాడు, వేయించిన చేపా అన్నీ చేతికందేలా సర్దుకుని, ఇక ఎవరూ లేవద్దర్రా అని కూర్చుంది. మూల టెలివిజన్ పెట్టి ఉంది. ఆ సాయంత్రం లిబోర్ సినిమా వేస్తున్నారు. యార్మిలా దాన్ని థియేటర్లో నాలుగుసార్లు చూసింది. అయినా చెల్లెలికి ప్రతి దృశ్యం ముందే చెప్తోంది.

తెర మీద మంచు పడుతోంది. అసలైన మంచు. పెద్దకొడుకు ముసలి నాయనమ్మని వీపున వేసుకుని కొండ ఎక్కుతున్నాడు. వెనకనుంచి కనిపిస్తున్నాడు. ఎడమకాలు కొంచెం ఈడుస్తున్నాడు. ఒకచోట ఆగి, తల కొద్దిగా పక్కకి తిప్పి, నాయనమ్మని ఏదో అడుగుతాడు. మాట వినపడదు, సంగీతం వస్తుంది. నాయనమ్మ తల అతని భుజం మీద వాలుస్తుంది.

"ఇదిగో, ఈ చోటే," అంది యార్మిలా కళ్ళొత్తుకుంటూ. "ముఖం ఎన్నోచోట్ల కనిపిస్తుందే గానీ, నాకు ఇక్కడే వీడు నా కొడుకు అనిపిస్తాడు బ్లాజెనా. చూడు ఎంత జాగ్రత్తగా మోస్తున్నాడో. నటన ఎవరైనా చేస్తారు. ఆ వీపు చూడు, అబద్ధం ఆడే వీపు కాదది."

లిబోర్ నోట్లో చేప ముక్క ఉంది. అది నాలుక మీద బురదలా అయిపోయింది. మింగుడు పడలేదు. అది నేను కాదమ్మా అనాలనుకున్నాడు. ఆ మాట అనేసి, లేచి, ఆ ఖాళీ కంచం పట్టుకుని ఓతా ఎక్కడున్నాడో వెతుక్కుంటూ పోవాలనుకున్నాడు. కుర్చీ వెనక్కి జరపడానికి బల్ల అంచు మీద చేతులు కూడా పెట్టాడు. వాళ్ళమ్మ అది చూసి, లేవకురా నాన్నా, ఏం కావాలో చెప్పు నేనిస్తాను, ముందు లేస్తే మంచిది కాదు అంది.

ఎదురుగా నాలుగో కంచం ఖాళీగా ఉంది. ఆగస్టులో వచ్చినవాడు ఇంకా తింటూనే ఉన్నాడు అన్న ఓతా గొంతు లిబోర్‌కి వినిపించింది, బూట్లు విప్పుతూ చెప్పినప్పటి గొంతు. పరాయివాడి బల్ల దగ్గర కూర్చుని, పరాయివాడి తిండి తింటూ, లేస్తే పోతానని భయపడుతున్నవాడు. అప్పుడు అంత నవ్వొచ్చింది.

టెలివిజన్‌లో ఇప్పుడు బల్ల దృశ్యం వచ్చింది. తోందా చేప నమిలి, కళ్ళు మూసుకుని, తెరిచి, నవ్వాడు.

"ఇంకో ముక్క వెయ్యనా?" అంది యార్మిలా.

లిబోర్ నోట్లోది మింగాడు. నవ్వాడు. కంచం ముందుకి జరిపాడు.

"వెయ్యమ్మా."